రోడ్డు వెడల్పులో రెండు వీరగల్లులు, ఒక సిలువ: తరలింపు, రంగు తొలగింపు

నల్గొండ జిల్లాలో ఒక డాంబర్ రోడ్డును రెండు వరుసలకు పెంచే పని. ఊరి పొలిమేరలో పాత రోడ్డు అంచుకు 4.2 మీటర్ల దూరంలో రెండు నల్లరాతి పలకలు పక్కపక్కన నిలబడి ఉన్నాయి. ఆ మలుపులోనే అవతలి పక్క, చర్చికి పోయే బాట మొదట్లో పింగాణీ ముక్కలు పొదిగిన సిమెంటు సిలువ ఉంది. కొత్త రోడ్డు బర్ము, అంటే డాంబర్ పక్కన వదిలే మట్టి అంచు, ఈ మూడింటినీ తినేస్తుంది. కాంట్రాక్టరు నక్షాలో మూడింటికీ కలిపి రాసింది ఒకటే ముక్క: 'అడ్డంకులు'.

ఊరి పేరు, జీపీఎస్ అంకెలు ఇక్కడ కావాలనే ఇవ్వడం లేదు. పొలిమేరల్లో కాపలా లేకుండా ఉన్న శిల్పాలకు దొంగల భయం ఎప్పుడూ ఉంటుంది. కచ్చితమైన చోటు పంచాయతీ రికార్డులో, రాష్ట్ర పురావస్తు శాఖ హెరిటేజ్ తెలంగాణకు ఇచ్చిన నివేదికలో ఉంటే చాలు.

రాళ్ళ మీద ఏముంది

పెద్ద రాయి నేల పైన 1.15 మీటర్ల ఎత్తు, 72 సెం.మీ. వెడల్పు, సగటున 24 సెం.మీ. మందం. చిన్నది 80 సెం.మీ. ఎత్తు, 50 సెం.మీ. వెడల్పు, 20 సెం.మీ. మందం. ఊళ్ళో రెంటినీ ఆంజనేయస్వామి అనే కొలుస్తారు. అలా అనుకోవడానికి రాయిలోనే కారణం ఉంది. బొమ్మ కుడిచెయ్యి పైకెత్తి ఉంది, కాలు ముందుకు వేసి ఉంది, నడుముకు బిగించిన బట్ట కొస వెనక్కి వేలాడుతోంది. ఎప్పుడో రంగులేసిన చెయ్యి ఆ కొసను అందుకుని, ఎత్తిన కత్తి మీదుగా నారింజ రంగు గీత వంచి తోక చేసింది. వెండి రంగుతో కళ్ళు దిద్దింది.

రంగు తీశాక పెద్ద రాయి మీద కనిపించింది వీరగల్లు, పోరులో చనిపోయిన వీరుడికి నిలిపే రాయి. కింది అరలో వరుసగా మూడు ఆవులు. నడిమి అరలో వీరుడు: పక్కకు ముడిచిన కొప్పు, కుడిచేతిలో కత్తి, ఎడమచేతిలో డాలు, నడుముకు పిడిబాకు. ఎదురుగా ఇద్దరు శత్రువులు, వీరుడి మోకాలి ఎత్తులో. పై అరలో శివలింగం, దాని ముందు మొక్కుతూ అదే వీరుడు, అందరికన్నా పైన సూర్యచంద్రులు. కింద ఆవులున్నాయంటే అది గోగ్రహణం, అంటే మందను తోలుకుపోయే వాళ్ళతో తలపడి చనిపోయిన మనిషి గుర్తు. పైన లింగం ఉండటం అతడు శివసన్నిధికి చేరాడని. సూర్యచంద్రులు 'ఆచంద్రార్కం', అంటే సూర్యచంద్రులున్నంత కాలం, అనే మాటకు బొమ్మ. వీరగల్లును కింది నుంచి పైకి చదవాలి. పై నుంచి మొదలుపెడితే కథ తలకిందులవుతుంది.

చిన్న రాయి ఇంకా అరుదైనది. కూర్చున్న మనిషి ఎడమచేత్తో తన జుట్టు తానే పట్టుకుని, కుడిచేత్తో కత్తిని మెడకు ఆనించుకున్నాడు. ఇది ఆత్మాహుతి శిల. ఇలా దేవుడికి తల ఇచ్చుకునే ఆచారం శ్రీశైలం చుట్టూ బలంగా ఉండేది. రెడ్డిరాజు అనవేమారెడ్డి 1378లో అక్కడ కట్టించిన వీరశిరోమండపం అలాంటి వాళ్ళ కోసమే. చనిపోయినవాళ్ళకు రాయి నిలపడం ఈ కృష్ణాతీరంలో అంతకన్నా చాలా పాతది. నాగార్జునకొండలో దొరికిన ఛాయాస్తంభాలు ఇక్ష్వాకుల కాలానివి.

రెండు రాళ్ళ మీదా అక్షరం లేదు. శాసనం లేని వీరగల్లుకు కొప్పు తీరు చూసి శతాబ్దం చెప్పేస్తుంటారు. నివేదికలో అలా రాయలేదు. ఒకే తీరు కొప్పు ఒక ప్రాంతంలో రెండు మూడు వందల ఏళ్ళు నడుస్తుంది. 'మధ్యయుగం' అని మాత్రం రాశారు.

అనుమతి, ఆజ్ఞ

రాయి కదలక ముందు నాలుగు కాగితాలు సిద్ధమయ్యాయి: గ్రామసభ తీర్మానం, రోడ్ల శాఖకు పంచాయతీ ఉత్తరం, హెరిటేజ్ తెలంగాణకు ఫొటోలతో సమాచారం, తరలించే రోజు పంచనామా. ఈ రాళ్ళు రక్షిత కట్టడాల జాబితాలో లేవు. అయినా వందేళ్ళు దాటిన శిల్పం 1972 నాటి పురావస్తువుల చట్టం కింద పురావస్తువే. కాగితం లేకుండా రాత్రిపూట లారీలో కదిలితే మంచిపనికీ దొంగతనానికీ తేడా చెప్పడం కష్టం.

మ్యూజియానికి పంపుదామనే మాట గ్రామసభలో వచ్చింది. పానగల్లులో పచ్చల సోమేశ్వరాలయం దగ్గర మ్యూజియం ఉంది, పాలమూరు పిల్లలమర్రి దగ్గర ఉంది. అక్కడ రాళ్ళు భద్రంగా ఉంటాయి, అందులో అనుమానం లేదు. కానీ ఏటా కొబ్బరికాయ కొట్టే ఊరు ఉండగా, అదే వరుసలో ప్రభుత్వ జాగా దొరుకుతుండగా, పొలిమేర రాయిని గాజుగది పక్కకు చేర్చడం చివరి దారి కావాలి. శ్రీశైలం ప్రాజెక్టు నీళ్ళు వచ్చినప్పుడు కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయికీ అంకె వేసి అలంపురానికి తరలించారు, అక్కడ వేరే దారి లేదు కాబట్టి. ఇక్కడ వేరే దారి ఉంది. తూర్పుకు 11 మీటర్ల దూరంలో 6 మీటర్ల పొడవు, 5 మీటర్ల వెడల్పు జాగా ఖరారైంది. వేపచెట్టు కిందే పెట్టాలని ఊరు కోరింది, మొదలుకు 3 మీటర్ల ఎడంతో ఒప్పుకున్నారు. అది రావిచెట్టు అయ్యుంటే ఒప్పుకోకూడదు. రావి వేరు గద్దెను చీలుస్తుంది.

ముహూర్తం, బైండ్ల పూజారి, సాక పోయడం ఊరి ఇష్టం ప్రకారమే జరిగాయి. కొత్త గుంతలో నవధాన్యాలు, రాగి నాణేలు వేస్తామన్నారు. అడ్డు చెప్పాల్సిన పని లేదు, అయితే అవి అడుగు బండ కింద వేయాలి. చెక్కిన ముఖానికి తగిలేచోట రాగి ఉంటే తడికి పచ్చమరక దిగుతుంది.

లేపడానికి ముందు

నిజానికి రంగంతా తీశాకే రాయిని లేపాలి, ఎందుకంటే పగుళ్ళు రంగు కింద దాక్కుంటాయి. రోడ్డు పనికి అంత గడువు లేదు. అందుకని నేలమట్టం నుంచి 20 సెం.మీ. పట్టీ మేర మాత్రం ముందు శుభ్రం చేశారు. ఆ పట్టీయే పెద్ద రాయిని కాపాడింది. ఎడమ అంచున 22 సెం.మీ. ఏటవాలు పగులు బయటపడింది. ట్రాక్టరు తగిలిన దెబ్బ కావచ్చు. అది తెలియకుండా బెల్టు ఆ అంచుకు వేసుంటే మూల ఊడేది.

ఫొటోలు రెండు విడతలు. పగలు నీడలో, కొలబద్ద పెట్టి, నాలుగు వైపులా. రాత్రి టార్చి వెలుగును రాతి ముఖానికి 10 నుంచి 15 డిగ్రీల వాలులో పక్క నుంచి పడేసి. అరిగిపోయిన చెక్కడం, అక్షరాలుంటే అవీ, ఈ పక్క వెలుతురులో లేచి కనిపిస్తాయి. గీతల్లో సుద్ద, పిండి నింపి ఫొటో తీసే అలవాటు చాలామందికి ఉంది. మానేయాలి. సుద్దపొడి సన్నని గీతల్లోంచి పూర్తిగా రాదు, పైగా రాసేవాడు ఊహించుకున్న గీతే ఫొటోలో పడుతుంది.

లేపడం

బరువు లెక్క ముందే వేసుకోవాలి. పాతిన భాగం పెద్ద రాయికి 55 సెం.మీ. అని పక్కన సన్నగా తవ్వి చూశారు. 1.70 మీ. × 0.72 మీ. × 0.24 మీ. అంటే 0.29 ఘనపు మీటర్లు. గ్రానైటు ఘనపు మీటరుకు 2,650 కిలోలు పట్టుకుంటే సుమారు 780 కిలోలు. చిన్నది 35 సెం.మీ. లోతుతో కలిపి 305 కిలోలు.

జేసీబీ బకెట్‌తో నెట్టడమే వీరగల్లులను ఎక్కువగా విరగ్గొడుతుంది. కాంట్రాక్టరు మనుషులకు విడమరిచి చెప్పాల్సిన కారణం ఇది: గ్రానైటు నొక్కుడును బ్రహ్మాండంగా తట్టుకుంటుంది, లాగుడును అందులో పదోవంతు కూడా తట్టుకోదు. కింద సగం భూమి పట్టేసి ఉండగా పైన నెడితే లాగుడంతా నేలమట్టం దగ్గర చేరుతుంది, రాయి అక్కడే టపీమని తెగుతుంది. పొలాల గట్ల మీద పడి ఉన్న సగం వీరగల్లుల్లో చాలా వాటికి విరుపు గీత సరిగ్గా నేల గీతే.

పని జరిగిన తీరు: చెక్కడం లేని వెనక వైపు 60 సెం.మీ. వెడల్పు కందకం తవ్వారు. ఇసుక బస్తాలు, వాటి మీద పాత టైర్లు పరిచారు. మూడు మీటర్లు దాటిన పొడవున్న 75 మి.మీ. జీఐ పైపులు మూడు నిలబెట్టి, 2 టన్నులు లేపే గొలుసు కప్పీ (చైన్ బ్లాక్) తగిలించారు. పైపుల కాళ్ళు జారకుండా మూడింటినీ కింద గొలుసుతో కట్టారు. రాతికి తీగతాడు వేయలేదు, అది అంచుల్ని కొరుకుతుంది. 2 టన్నుల పాలిస్టర్ బెల్టులు రెండు, రాయికీ బెల్టుకూ మధ్య సైకిల్ ట్యూబు రబ్బరు, గోనె. పగులుకు దూరంగా కుడివైపు ఎక్కువ పట్టు. వెనక్కి వాల్చి, పూర్తిగా పడుకోబెట్టి, చెక్క స్లెడ్జి మీదికి ఎక్కించి, పైపుల మీద దొర్లిస్తూ 11 మీటర్లు జరపడానికి రెండు గంటలు పట్టింది. నలుగురు వడ్డెర మేస్త్రీలు గడ్డపారలతో పక్కన నడిచారు. ఈ పనిలో వాళ్ళ చేతికున్న అంచనా ఏ యంత్రానికీ లేదు.

ఒక పొరపాటు జరిగింది. పైపుల కాళ్ళలో ఒకటి తడిసిన మట్టిలో 8 సెం.మీ. దిగబడింది, రాయి గాల్లో ఉండగానే. కిందికి దించి, కాళ్ళ కింద ఒక్కో అడుగు చదరపు చెక్కపలక వేశాకే మళ్ళీ లేపారు. పలకలు మొదటే వేసుండాల్సింది.

పాత గుంతలో బూడిద, పెంకులు, రాయిని బిగించిన చిన్న రాళ్ళు దొరికాయి. పెంకులు చీటీలతో సంచుల్లోకి వెళ్ళాయి. ఖాళీ గుంతను ఇసుకతో నింపి, అడుగున ఒక కొత్త నాణెం ఉంచారు, తర్వాత ఎవరైనా తవ్వితే ఇది మన కాలంలో కదిలిన చోటని తెలియడానికి.

రంగు

పది రెట్ల భూతద్దంతో ఒక పెచ్చు అంచు చూస్తే 11 ఎనామిల్ పూతలు లెక్కకొచ్చాయి. వాటి కింద నూనెమసి, సున్నం, అన్నిటికన్నా అడుగున జాజు, అంటే ఎర్రమట్టి రంగు. కొన్నిచోట్ల మొత్తం మందం 2 మి.మీ. ఎనామిల్ కేవలం అందానికి చేటు కాదు. అది మైనపు గుడ్డలా రాతిని మూసేస్తుంది. నేలలోంచి ఎక్కిన తడి ముఖం గుండా ఆరలేక, ఉప్పుతో సహా పూత వెనక ఆగుతుంది, పెచ్చు లేచినప్పుడు రాతి గింజను కూడా పట్టుకుని లేస్తుంది. జాజు, సున్నం ఊపిరాడే పూతలు. పాతవాళ్ళు వందల ఏళ్ళు పూసినా రాయికి ఏమీ కాకపోవడానికి కారణం అదే.

ఎండు గీకుడు చేయలేదు. ఇళ్ళ రంగుల్లో సీసం 90 పీపీఎం (పది లక్షల పాళ్ళలో 90) దాటకూడదనే నిబంధన 2017 నవంబరు నుంచే అమల్లో ఉంది. అంతకు ముందటి ఎరుపు, పసుపు ఎనామిల్ పొడి ఊపిరిలోకి పోకూడదు. తడిగానే తీసి, కింద పరిచిన ప్లాస్టిక్ పట్టాలోకి పోగుచేసి, డబ్బాలో మూతపెట్టారు.

వెనక వైపు 5 సెం.మీ. చదరపు గడుల్లో పరీక్షించారు. ఒట్టి అసిటోన్ రంగు మెత్తబడే లోపే ఆవిరైపోయింది. అసిటోన్, టొలీన్ సగం సగం కలిపి దూదిపట్టు వేస్తే పైరెండు పూతలు వచ్చాయి. మిథైలీన్ క్లోరైడ్ ఉన్న రిమూవరు పావుగంటలో పనిచేస్తుంది కానీ వాడలేదు. దాని ఆవిరి ఒంట్లో కార్బన్ మోనాక్సైడుగా మారుతుంది, చుట్టూ పిల్లలు తిరిగే చోటు అది. బెంజైల్ ఆల్కహాల్ ఆధారిత జెల్ నెమ్మది, కానీ అదే కుదిరింది: 3 మి.మీ. మందం పూసి, పాలిథీన్ షీటు కప్పి, అంచులు టేపుతో మూసి, ఐదారు గంటలు. తర్వాత వెదురు పుల్లలు, నైలాన్ బ్రష్షులు. ఆపైన అసిటోన్ దూదితో తుడిచి, నీళ్ళతో కడగాలి. రెండు రాళ్ళకూ 8 కిలోల జెల్, 6 లీటర్ల అసిటోన్, 3 కిలోల దూది అయ్యాయి.

మొదటి రోజు వేసిన జెల్ పూత పాడైంది. తెల్లవారు వేసిన షీటు టేపు ఒక పక్క ఊడి, పదకొండు గంటల ఎండకు జెల్ ఎండి, మెత్తబడిన ఎనామిల్ మళ్ళీ అతుక్కుని ముందటికన్నా గట్టిపడింది. ఆ తర్వాత సాయంత్రం పూసి పొద్దున తీయడం మొదలుపెట్టారు, పైన టార్పాలిన్ నీడ. కొప్పు గీతల్లో, ఆవు కొమ్ముల మధ్య ఇరుక్కున్న వెండి రంగు చివరిదాకా సతాయించింది. మూడుసార్లు జెల్ పెట్టినా రాని చుక్కల్ని అలాగే వదిలేశారు. సూదితో పొడిస్తే రాయి గీరుకుంటుంది, రంగు మచ్చ కంటే గీత నష్టం.

నూనెమసికి 3 శాతం అమ్మోనియా నీళ్ళు, కాస్త నాన్ అయానిక్ డిటర్జెంటు. సున్నానికి నీళ్ళు, వెదురుపుల్ల, ఓపిక. జాజు పొరను ఎక్కడ గట్టిగా ఉంటే అక్కడ ఉంచేశారు, ఆ పూత కూడా చరిత్రే. వీపు మీది నాచుమచ్చల జోలికి పోలేదు.

చేయకూడని మూడు పనులు ప్రతి ఊళ్ళోనూ ఎవరో ఒకరు సూచిస్తారు. బాత్‌రూం యాసిడ్: సున్నం పోతుంది గానీ గ్రానైటులోని నల్ల అభ్రకం ఇనుము కరిగి తుప్పు పసుపు దిగుతుంది. కాస్టిక్ సోడా: రంగు ఊడుతుంది, కానీ ఉప్పు రంధ్రాల్లో ఉండిపోయి తెల్లగా పొంగుతూనే ఉంటుంది. గ్రైండర్, ఇసుకపోటు (గాలి ఒత్తిడితో ఇసుక చిమ్మడం): చెక్కిన ఉలి గుర్తులే పోతాయి, ఆ నష్టానికి మందు లేదు.

నిలపడం

గుంత 1.2 మీ. × 0.9 మీ., లోతు 75 సెం.మీ. అడుగున 15 సెం.మీ. 40 మి.మీ. కంకర, దిమ్మిస. దాని మీద అడుగు బండ, బండ మీద రాయి, రెండు పక్కలా పక్కరాళ్ళ బిగింపు. చుట్టూ సున్నం ఒకపాలు, ఇసుక ఇటుకపొడి కలిపి మూడుపాళ్ళు. పై 10 సెం.మీ. మొరం, ఇసుక మాత్రమే. తడి గోనె కప్పి మూడు వారాలు నెమ్మదిగా గట్టిపడనిచ్చారు. సిమెంటు ఎందుకు వద్దంటే, అది ఉప్పును రాతిలోకి పంపుతుంది, తేమను పాదం దగ్గర నిలుపుతుంది, రేపు మళ్ళీ కదపాల్సివస్తే రాయిని విరిస్తే తప్ప వదలదు. ముఖం ముందటిలాగే తూర్పుకు. పగులుకు అతుకు వేయలేదు, అది పెరుగుతుందేమో చూడటానికి గేజీ పెట్టారు. రాయి రెండు ముక్కలై ఉంటే 12 మి.మీ. ఎస్‌ఎస్ 316 (తుప్పుపట్టని స్టీలు) కడ్డీలు, చెరోవైపు 15 సెం.మీ. లోతు రంధ్రాలు, ఎపాక్సీ ఆ రంధ్రాల్లో మాత్రమే. మామూలు ఇనుప కడ్డీ తుప్పుపట్టి ఉబ్బి రాయిని చీలుస్తుంది.

సిలువ

వీరగల్లుల మీద చూపిన శ్రద్ధ సిలువ మీద ఎందుకని రోడ్డు మనుషులు అడిగారు. అది పురావస్తువు కాదు, నిజమే. కానీ ఒక పల్లె మేస్త్రీ పగిలిన కప్పులు, సాసర్లు ఏరి, పూలరేకులు నడిమికి వచ్చేలా పేర్చి చేసిన పని అది. తపస్సు కాలంలో సిలువ మార్గం ప్రార్థనకు జనం ఆగేది దాని ముందే. వీరగల్లు చెక్కిన చెయ్యీ ఊరి చెయ్యే, ఇదీ ఊరి చెయ్యే.

ఎత్తు 1.9 మీటర్లు, బరువు సుమారు 150 కిలోలు. చిన్న సుత్తితో తడితే మూడుచోట్ల డొల్ల శబ్దం. ఒక పెచ్చు మీద, క్షారం తగిలితే గులాబీ రంగుకు మారే ఫినాఫ్తలీన్ చుక్కలు వేస్తే 18 మి.మీ. లోతు దాకా గులాబీ రంగు రాలేదు, అంటే అంతవరకు సిమెంటు క్షారగుణం పోయింది. కడ్డీల మీద కప్పు 12 మి.మీ. మాత్రమే. అందుకే తుప్పు. వదులైన 64 పింగాణీ ముక్కల్ని అంకెలు వేసి, పలచటి కాగితం మీద గీసిన బొమ్మ ప్రకారం తీశారు. డొల్ల సిమెంటు కొట్టేసి, కడ్డీలు మెరిసేదాకా రుద్ది, జింక్ ప్రైమర్ పూసి, పాలిమర్ కలిపిన గచ్చును సెంటీమీటరు పొరలుగా నింపి, ముక్కల్ని వాటి చోటికే చేర్చారు. మోసేటప్పుడు చేతులు విరగకుండా వెనక చెక్కబద్దలు కట్టారు. నలుగురు ఎత్తగలిగే బరువే అయినా భుజాల మీద ఎత్తనివ్వలేదు.

ఒప్పందం

రంగు తీసిన రాయిని చూసి ఊళ్ళో మొదట గుబులు పుట్టింది: స్వామి ఏడి? దీనికి జవాబు పాఠం చెప్పడంలో లేదు. ఊరు డబ్బులు పోగేసి చిన్న ఆంజనేయ విగ్రహం చెక్కించింది, గద్దె మీద వీరగల్లుకు ఎడమపక్క మీటరు దూరంలో నిలిపారు. సిందూరం, నూనె అన్నీ ఆయనకు. వీరగల్లులకు పసుపు, కుంకుమ, పూలు, పండగ తెల్లారి నీళ్ళతో కడుగుడు. దీపానికి రాళ్ళ ముందు 60 సెం.మీ. దూరంలో వేరే రాయి. గద్దెకు రంగు కావాలంటే జాజు కిలో, నీళ్ళు మూడు లీటర్లు, నానబెట్టిన తుమ్మజిగురు 50 గ్రాములు. ఎనామిల్ డబ్బా గద్దె ఎక్కకూడదని పంచాయతీ పుస్తకంలో రాశారు. పలక మీద రెండు పేర్లూ ఉన్నాయి: ఊరు పిలిచే పేరు ముందు, 'వీరగల్లు' తర్వాత.

ఎనిమిదో నెలలో ఒక భక్తుడు గద్దె చుట్టూ టైల్స్ వేయించాడు. వాన నీళ్ళు బయటికి పోయే వాలు మూసుకుని రాయి పాదం దగ్గర నిలిచాయి. ఆయనతో మాట్లాడి ముందు వరుస తీయించారు, మిగతావి ఉంచారు. ఏడాది తనిఖీలో పగులు గేజీ కదల్లేదు, సిలువ మీద డొల్ల శబ్దం లేదు. దీపపు రాయి మీద ఒక మిల్లీమీటరు నూనె పేరుకుంది. వీరుడి ముఖం మీద పసుపు తప్ప ఇంకేమీ లేదు.